మూడు బంతుల పరికరంతో పాడైన వాయుగోణులు మళ్లీ వస్తాయా?

పల్లెనోట్స్ (ప్రశ్న)

అందరికీ నమస్తే. ఆశా కార్యకర్తల కోసం ఊపిరితిత్తుల మీద రెండు పేజీల తెలుగు నోట్సు తయారవుతోంది. బడిపుస్తకంలో వాయుగోణుల (ఊపిరితిత్తుల లోపలి చిన్న గాలి గదుల) గురించి ఒక ద్రాక్షగుత్తి బొమ్మ, కింద "ఇక్కడ వాయువుల మార్పిడి జరుగును" అన్న వాక్యం తప్ప పెద్దగా ఉండదు. జబ్బు చేస్తే ఆ గుత్తికి ఏమవుతుందో చెప్పాలంటే అది చాలదు. సందేహాలు ఇవీ:

ఆపరేషన్ అయినవాళ్లకీ, నిమ్ము చేసినవాళ్లకీ, ఏళ్ల తరబడి చుట్టలు కాల్చి ఎంఫసీమా (వాయుగోణుల గోడలు కూలిపోయే జబ్బు) తెచ్చుకున్నవాళ్లకీ చేతిలో అదే మూడు బంతుల ప్లాస్టిక్ పరికరం పెడుతున్నారు. దాన్ని ఊదితే పాడైన వాయుగోణులు మళ్లీ వస్తాయా?

కూర్చున్నప్పుడు ఆక్సీమీటర్‌లో 95 చూపించే మనిషికి ఒక అంతస్తు మెట్లెక్కగానే 86కి ఎందుకు పడిపోతుంది? మిషను తప్పా?

నిమ్ములో కొందరికి రెండు లీటర్ల ఆక్సిజన్‌తోనే సర్దుకుంటుంది. కొందరికి పదిహేను లీటర్లు పెట్టినా అంకె పైకి రాదు. సిలిండర్‌లో ఏదో లోపం ఉందని బంధువులు గొడవకు దిగుతారు. వాళ్లకు అర్థమయ్యేలా ఏం చెప్పాలి?

ఛాతీవార్డు

ముందు చిన్న సవరణ. ఆ పరికరాన్ని ఊదరు, పీలుస్తారు. దాని సంగతి ఫిజియోథెరపీ వాళ్లు చెబితేనే బాగుంటుంది. నేను మొదటి రెండు ప్రశ్నల వెనకున్న విషయం చెబుతాను.

ద్రాక్షగుత్తి బొమ్మ తీసేయండి. ద్రాక్షపండ్లు దేని తొక్క దానిదే. వాయుగోణులు అలా ఉండవు, తేనెపట్టులో గదుల్లాగా పక్కపక్క రెండింటికీ గోడ ఒకటే. ఆ ఉమ్మడి గోడలోనే రక్తకేశనాళికలు వలలాగా పరుచుకుని ఉంటాయి. గోడకు ఇటూ గాలే, అటూ గాలే, మధ్యలో రక్తం. ఈ ఒక్క సంగతి బుర్రకెక్కితే ఎంఫసీమా సగం అర్థమైనట్టే.

లెక్కలు కావాలంటే: పెద్దవాళ్లలో 30 కోట్ల నుంచి 50 కోట్ల దాకా వాయుగోణులు ఉంటాయి. ఒక్కోటి అడ్డంగా 0.2 మిల్లీమీటర్లు, కాస్త అటూఇటూ. గోడలన్నీ విప్పి పరిస్తే దాదాపు 70 చదరపు మీటర్లు. మన లెక్కలో 84 గజాల స్థలం. ఏ క్షణంలో చూసినా ఆ స్థలమంతా పలచగా పరుచుకుని ఉండే రక్తం 70 మిల్లీలీటర్లు, అంటే చిన్న టీ గ్లాసుడు. గాలికీ రక్తానికీ మధ్య అడ్డు పలచని చోట 0.3 మైక్రాన్లే. తలవెంట్రుక మందంలో రెండు వందల్లో ఒక వంతు అనుకోండి.

ఆ గోడ మీద పరిచిన కణాలు రెండు రకాలు. అప్పడంలా పలచగా ఉండి 95 శాతం స్థలాన్ని కప్పేవి టైప్-1 కణాలు. మూలల్లో గుండ్రంగా ఉండేవి టైప్-2. సర్ఫక్టెంట్ అనే జిడ్డు పదార్థాన్ని తయారుచేసేవి ఇవే, టైప్-1 కణాలు చచ్చిపోతే వాటి స్థానంలో కొత్తవాటిని పుట్టించేవీ ఇవే. కణాలు పోవడం వేరు, గోడ పోవడం వేరు. నిమ్ములో గది చీముతో, కణాలతో నిండినా గోడ అస్థిపంజరం మామూలుగా చెక్కుచెదరదు. అందుకే మందులు పనిచేసి గది ఖాళీ అయ్యాక టైప్-2 కణాలు కొత్త పూత వేస్తాయి, చాలామందికి ఊపిరితిత్తి పూర్తిగా బాగవుతుంది.

ఎంఫసీమాలో పోయేది గోడే. పొగ వల్ల చేరిన తెల్లకణాలు ఎలాస్టేజ్ అనే ఎంజైమును వదులుతాయి. అది గోడలోని సాగే పోగుల్ని కొరికేస్తుంది. దాన్ని అడ్డుకునే ఆల్ఫా-1 యాంటీట్రిప్సిన్ ఒంట్లో ఉంటుంది గానీ పొగ దాన్నీ పనిచేయనివ్వదు. గోడ కూలితే రెండు చిన్న గదులు ఒక పెద్ద గది అవుతాయి. గాలి పట్టే చోటు తగ్గదు, నిజానికి పెరుగుతుంది. పోయేది రక్తం పారే స్థలం. ఎక్స్‌రేలో ఊపిరితిత్తి ఉబ్బి నల్లగా, "నిండా గాలి" ఉన్నట్టు కనిపిస్తూనే మనిషి ఆయాసపడుతుంటాడు. బంధువులకు ఇదే అంతుపట్టదు.

ఇంకో నష్టం కూడా ఉంది. చిన్న శ్వాసనాళికలకు గట్టి చట్రం ఉండదు. చుట్టూ ఉన్న వాయుగోణుల గోడలే డేరా తాళ్లలాగా లాగి వాటిని తెరిచి ఉంచుతాయి. తాళ్లు తెగితే గాలి వదిలేటప్పుడు నాళిక నలిగి మూసుకుంటుంది, లోపలి గాలి లోపలే చిక్కుకుంటుంది. ఎంఫసీమా మనిషి గొడవ పీల్చలేకపోవడం కాదు, వదల్లేకపోవడం.

పెద్దవాళ్లలో కూలిన గోడల్ని మళ్లీ కట్టే మందు ఇప్పటికి లేదు. 1997లో ఎలుకలకు రెటినాయిక్ ఆమ్లం ఇస్తే కొత్త గోడలు వచ్చాయి. ఆ ఆశతో మనుషుల మీద ప్రయత్నించారు, ఫలించలేదు. కాబట్టి మొదటి ప్రశ్నకు జవాబు: రావు. పొగ మానేస్తే మాత్రం మిగిలిన గోడలు కూలే వేగం తగ్గుతుంది. కట్టెల పొయ్యి ముందు ముప్ఫై ఏళ్లు కూర్చున్న ఆడవాళ్లకూ ఇదే వర్తిస్తుంది, నోట్సులో చుట్ట, బీడీ ఒక్కటే రాసి వదిలేయకండి.

ఇక మెట్ల సంగతి. కూర్చున్నప్పుడు ఒక ఎర్రకణం వాయుగోణి గోడలో గడిపే సమయం 0.75 సెకన్లు. ఆరోగ్యంగా ఉంటే 0.25 సెకన్లలోనే ఆక్సిజన్ నిండిపోతుంది. మూడింట రెండొంతుల సమయం మిగులు. మెట్లెక్కితే గుండె రక్తాన్ని వేగంగా తోస్తుంది, ఆ 0.75 కాస్తా 0.25 దాకా దిగొచ్చు. గోడ స్థలం తగ్గినవాళ్లకు, లేదా ఫైబ్రోసిస్‌తో, అంటే మచ్చ కట్టి గోడ మందమెక్కినవాళ్లకు మిగులే ఉండదు. కణం సగం నిండి వెళ్లిపోతుంది. పైగా కండరాలు ఎక్కువ ఆక్సిజన్ లాగేసుకున్న రక్తం తిరిగొస్తుంది కాబట్టి నింపాల్సిన లోటూ పెద్దదే. మిషను తప్పు కాదు. ఎంఫసీమాలోనూ ఫైబ్రోసిస్‌లోనూ తొలి ఆనవాలు చాలాసార్లు ఈ నడక పరీక్షలోనే బయటపడుతుంది.

ఫిజియో_గోదావరి

ఆ పరికరం పేరు ఇన్సెంటివ్ స్పైరోమీటర్. బంతుల గదుల మీద 600, 900, 1200 అని అంకెలుంటాయి చూడండి. అవి మిల్లీలీటర్లు కావు, సెకనుకు మిల్లీలీటర్లు. గాలి వేగం, గాలి పరిమాణం కాదు. ఇది తెలియకే సగం తప్పు జరుగుతోంది.

లెక్క చూడండి. మూడు బంతులూ ఒక్కసారిగా ఎగరాలని సర్రున పీలిస్తే వేగం 1200, కానీ అది 0.3 సెకన్లే నిలుస్తుంది. లోపలికి వెళ్లింది 360 మిల్లీలీటర్లు. అందులో 150 దాకా ముక్కు, గొంతు, వాయునాళాల్లోనే ఆగిపోతుంది, అక్కడ మార్పిడి ఉండదు. వాయుగోణులకు చేరింది 210. అదే ఒక్క బంతినే పైన నిలబెట్టి మూడు సెకన్లు నెమ్మదిగా పీలిస్తే 1800 మిల్లీలీటర్లు, వాయుగోణులకు 1650. పిల్లల ఆటలాగా మూడు బంతులు ఎగరేసి చూపించిన పేషెంటును అందరూ మెచ్చుకుంటారు. ఒక్క బంతిని కదలకుండా నిలబెట్టినవాడికే అసలు లాభం.

నోట్సులో ఇలా రాయండి: మంచం మీద నిటారుగా కూర్చోవాలి. పరికరం కంటికి ఎదురుగా నిలువుగా ఉండాలి, వంచితే బంతి తేలిగ్గా లేచి మోసం చేస్తుంది. మామూలుగా ఊపిరి వదిలి, గొట్టాన్ని పెదాలతో గట్టిగా మూసి, నెమ్మదిగా పీల్చాలి. పూర్తిగా పీల్చాక 3 నుంచి 5 సెకన్లు బిగబట్టాలి. తర్వాత గొట్టం తీసి వదలాలి. మెలకువగా ఉన్నంతసేపూ గంటకు పదిసార్లు, ఒక్కోదానికీ మధ్య కాస్త విరామం ఇస్తూ. తల తిరిగితే ఆపాలి. చివర్లో కుట్ల మీద దిండు అదిమిపట్టి రెండుసార్లు దగ్గి కళ్లె తీయాలి.

ఆ బిగబట్టడం ఎందుకంటే, మూసుకుపోయిన వాయుగోణులు వెంటనే తెరుచుకోవు. పక్కవి సాగి గోడను లాగాక, ఆ లాగుడు కొన్ని సెకన్లు నిలిస్తే తెరుచుకుంటాయి. పొట్ట ఆపరేషన్ అయినవాళ్లు నొప్పికి భయపడి పైపైన ఊపిరి తీస్తారు. నిమిషానికి 12 సార్లు 500 మిల్లీలీటర్లు పీల్చినా, 24 సార్లు 250 పీల్చినా మొత్తం 6 లీటర్లే. కానీ ప్రతి ఊపిరికీ ఆ 150 వృథా పోతుంది కదా. మొదటివారి వాయుగోణులకు 4.2 లీటర్లు చేరితే రెండోవారికి 2.4 లీటర్లే. ఊపిరితిత్తి అడుగున ఉన్న గదులు అలా మూతపడతాయి.

అంటే ఈ పరికరం మూతపడిన గదిని తెరవడానికి. లేని గదిని పుట్టించడానికి కాదు. ఆపరేషన్ వాళ్లకైనా ఇదొక్కటే నిమ్మును ఆపుతుందనడానికి గట్టి రుజువు లేదు. త్వరగా మంచం దిగి నడవడం, దగ్గడం, నొప్పి మందు సరిగ్గా ఇవ్వడం, వీటికి ఇది తోడు మాత్రమే.

ఎంఫసీమా వాళ్లకు దీనికంటే పెదాలు సున్నాలా చుట్టి ఊపిరి వదలడం నేర్పండి. ముక్కుతో రెండు అంకెలు లెక్కపెట్టేంతసేపు పీల్చి, వేడి టీ ఊదినట్టు నాలుగు అంకెలసేపు వదలాలి. పెదాల దగ్గరి అడ్డు వల్ల నాళికల్లో కొంత ఒత్తిడి నిలుస్తుంది, అవి తొందరగా నలిగిపోవు, చిక్కుకున్న గాలి బయటికొస్తుంది. దాంతోపాటు కాళ్లకు బలం తెచ్చే నడక, వారానికి రెండు మూడుసార్లు, కనీసం ఎనిమిది వారాలు. ఊపిరితిత్తి మారదు, కానీ అదే ఊపిరితిత్తితో నడిచే దూరం పెరుగుతుంది.

బెలూన్లు ఊదించే అలవాటు కొన్నిచోట్ల ఉంది. సీటీలో పెద్ద బుల్లాలు, అంటే గోడలు కూలి ఏర్పడిన గాలి బుడగలు ఉన్నవాళ్లతో గట్టిగా ఊదించొద్దు. అది పగిలితే గాలి ఊపిరితిత్తికీ ఛాతీగోడకూ మధ్య చేరి ఊపిరితిత్తి ముడుచుకుపోతుంది.

ఐసీయూ_రాత్రిడ్యూటీ

మూడో ప్రశ్నకు నాది. బంధువులకు పాల పోలిక చెప్పండి. చిక్కటి పాల బిందెలో నీళ్లపాలు కలిస్తే, చిక్కటి పాలను ఇంకా ఎంత మరగించి పోసినా బిందె మొత్తం చిక్కబడదు.

ఎలాగంటే: తెరిచి ఉన్న వాయుగోణుల మీదుగా పోయిన రక్తం 100 శాతం నిండి వస్తుంది. చీముతోనో నీటితోనో నిండిన వాయుగోణుల మీదుగా పోయిన రక్తం ఎలా వెళ్లిందో అలాగే వస్తుంది, విశ్రాంతిలో అయితే 75 శాతం దగ్గర. రెండూ గుండె ఎడమవైపు కలుస్తాయి. పదింట మూడొంతుల రక్తం అలా వృథా పోతే 70 + 22.5, అంటే 92 చిల్లర. నాలుగొంతులైతే 90. జ్వరంతో, ఆయాసంతో ఒళ్లు ఆక్సిజన్‌ను ఎక్కువగా వాడుకుని తిరిగొచ్చే రక్తమే 60కి దిగితే, అదే నాలుగొంతులకు 84. ఇప్పుడు ఆక్సిజన్ పెంచితే అది చేరేది తెరిచి ఉన్న గదులకే. అక్కడ హిమోగ్లోబిన్ అప్పటికే నిండిపోయింది. రక్తంలో విడిగా కరిగేది అతి స్వల్పం. అందుకే అంకె కదలదు. సిలిండర్ బాగానే ఉంది.

రెండు లీటర్లకే సర్దుకున్నవాళ్లలో గదులు పూర్తిగా నిండలేదు, గాలి తక్కువగా అయినా పోతోంది. అందులో ఆక్సిజన్ వాటా పెంచితే చాలు.

నిండిన గదులకు కావలసింది లీటర్లు కాదు, ఒత్తిడి. వాటిని తెరిచి, మూసుకోకుండా పట్టి ఉంచాలి. సీపాప్ (మాస్కుతో ఆగకుండా ఒత్తిడి ఇచ్చే మిషను), వెంటిలేటర్‌లో పీప్ (ఊపిరి వదిలాక కూడా నిలిపి ఉంచే ఒత్తిడి) చేసే పని అదే. గుండె జబ్బుతో ఊపిరితిత్తుల్లోకి నీరు చేరినవాళ్లకు ఇది నిమిషాల్లో తేడా చూపిస్తుంది, నీరు తీసే మందు ఫ్యూరోసమైడ్ పనిచేసే లోపే. బోర్లా పడుకోబెట్టడం కూడా అందుకే: వెల్లకిలా ఉన్నప్పుడు గుండె, పొట్ట బరువుకు నలిగిపోయే వీపువైపు గదులు తెరుచుకుంటాయి, రక్తం ఎక్కువగా పారేదీ అటే. వెంటిలేటర్ మీదున్న తీవ్రమైన ఏఆర్‌డీఎస్ (రెండు ఊపిరితిత్తులూ వాచి నీరు చేరే జబ్బు) పేషెంట్లను రోజుకు 16 గంటలు అలా ఉంచితే మరణాలు తగ్గాయని 2013లో ఫ్రాన్స్, స్పెయిన్ ఆస్పత్రుల్లో చేసిన ట్రయల్ తేల్చింది.

ఒత్తిడి ఎక్కువైనా ప్రమాదమే. ఏఆర్‌డీఎస్‌లో పనిచేసే గదులు కొన్నే మిగిలి ఉంటాయి. పెద్దమనిషిలో పనిచేసేది పసిపిల్లవాడి ఊపిరితిత్తి అంతే. అందులోకి మామూలు పెద్దమనిషి గాలి తోస్తే ఉన్నవీ చిరుగుతాయి. 2000లో వచ్చిన అమెరికా ట్రయల్‌లో ఒక్కో ఊపిరికీ కిలోకు 12 మిల్లీలీటర్లు ఇచ్చిన గుంపులో 39.8 శాతం మంది, 6 మిల్లీలీటర్లు ఇచ్చిన గుంపులో 31 శాతం మంది చనిపోయారు. కిలో అంటే తూచిన బరువు కాదు, ఎత్తును బట్టి లెక్కగట్టే బరువు. లావుగా ఉన్నంత మాత్రాన ఊపిరితిత్తి పెరగదు.

సర్కారు_కాంపౌండర్

సీఓపీడీ (ఎంఫసీమా లాంటి దీర్ఘకాల ఊపిరితిత్తుల జబ్బు) వాళ్లకు ఆక్సిజన్ పెడితే ఊపిరి తీసుకోవడమే మానేస్తారంటారు కదండీ. అందుకని అసలు పెట్టకూడదనే మా వైపు పద్ధతి.

ఛాతీవార్డు

ఆ పద్ధతి ప్రాణం తీస్తుందండీ. పెట్టాలి, కొలిచి పెట్టాలి. వాళ్లకు లక్ష్యం 88 నుంచి 92. మిగతావాళ్లకు 94 నుంచి 98. కాన్యులాతో (ముక్కులో పెట్టే సన్న గొట్టంతో) ఒకటి రెండు లీటర్లతో మొదలుపెట్టి అంకెను చూస్తూ సర్దాలి.

ఎక్కువ పెడితే బొగ్గుపులుసు గాలి, అదే కార్బన్ డయాక్సైడ్ పెరిగే మాట నిజమే, కానీ మెదడు "ఊపిరి మానేయడం" ఒక్కటే కారణం కాదు. గాలి సరిగ్గా చేరని వాయుగోణుల దగ్గర రక్తనాళాలు తమంతట తామే ముడుచుకుని, రక్తాన్ని మంచి గదుల వైపు మళ్లిస్తాయి. ఆక్సిజన్ ఎక్కువైతే ఆ నాళాల బిగువు సడలిపోతుంది, రక్తం మళ్లీ చెడ్డ గదులకు పోతుంది, కార్బన్ డయాక్సైడ్ బయటికి పోదు. మగతగా ఉండి, పిలిస్తే ఆలస్యంగా పలికే సీఓపీడీ పేషెంటుకు ఆక్సీమీటర్ 99 చూపిస్తుంటే సంతోషించాల్సిన పని లేదు, వెంటనే పెద్దాసుపత్రికి పంపండి.

90 అన్న అంకె గురించి కూడా: 97 నుంచి 90కి పడితే ఏడే కదా అనిపిస్తుంది. రక్తంలో ఆక్సిజన్ పీడనం మాత్రం 100 నుంచి 60కి దిగింది. ఇంకో పాతిక దిగి 35కి చేరేసరికి అంకె 65 దగ్గర ఉంటుంది. 90 చెరువుగట్టు అంచు లాంటిది, అక్కడి నుంచి వాలు నిటారుగా ఉంటుంది.

ధూళిలెక్క

నోట్సు తెలుగు జిల్లాలకైతే రాతిపొడి గురించి ఒక పేరా తప్పనిసరి. మార్కాపురం పలకలు, కరీంనగర్ గ్రానైట్, ఊరూరా క్రషర్లు. పలకరాయిలోనూ గ్రానైట్‌లోనూ క్వార్ట్‌జ్, అంటే స్ఫటిక సిలికా ఉంటుంది.

కంటికి కనిపించే దుమ్ముకు భయపడనక్కర్లేదు, అది ముక్కులోనూ పెద్ద నాళాల్లోనూ చిక్కుకుని కళ్లెతో బయటికొస్తుంది. అయిదు మైక్రాన్ల లోపు నలుసే వాయుగోణి దాకా పోతుంది. నాళాల్లో చెత్తను పైకి ఊడ్చే సన్నని వెంట్రుకల్లాంటి శైలికలుంటాయి, వాయుగోణిలో అవి లేవు. అక్కడ కాపలా అంతా మాక్రోఫేజ్ కణాలదే. అవి సూక్ష్మక్రిమిని మింగితే అరిగించుకుంటాయి. సిలికాను మింగితే అవే చస్తాయి. చచ్చిన కణంలోంచి నలుసు బయటపడుతుంది, ఇంకో కణం వచ్చి మింగుతుంది, అదీ చస్తుంది. ఆ పోరు జరిగిన చోటల్లా మచ్చ కట్టి గడ్డలవుతుంది, ఎక్కువగా ఊపిరితిత్తి పైభాగంలో. పని మానేసి పదేళ్లయినా జబ్బు ముదిరేది ఇందుకే, నలుసు ఎక్కడికీ పోదు.

క్షయ క్రిమిని అదుపులో పెట్టేదీ ఆ మాక్రోఫేజే. అందుకని సిలికోసిస్ (ఈ సిలికా మచ్చల జబ్బు) ఉన్నవాళ్లకు టీబీ చాలా తేలిగ్గా పడుతుంది. రాతిపని చేసే మనిషికి రెండు వారాలు దాటి దగ్గుంటే కళ్లె పరీక్ష చేయించి, అది టీబీ కాదని తేలితే అక్కడితో వదిలేయకండి. ఎక్స్‌రే చూసే డాక్టరుకు ఆయన పని ఏమిటో చీటీ మీద రాసి పంపండి. ఆ ఒక్క మాట లేకే చాలామందికి టీబీ మందులే మళ్లీమళ్లీ పడుతుంటాయి. సిలికోసిస్ చట్టప్రకారం తెలియజేయాల్సిన వృత్తిజబ్బుల జాబితాలో ఉంది. అంటే గుర్తించిన డాక్టరు ఫ్యాక్టరీల తనిఖీ అధికారికి తెలియజేయాల్సిందే.

ముఖానికి తువ్వాలు కట్టుకోవడం దండగ, ఆ అల్లికలోంచి అయిదు మైక్రాన్లు సునాయాసంగా దూరిపోతుంది. రాయి కోసేచోట నీళ్లు పారించడం, పొడి పుట్టిన చోటే గొట్టంతో లాగేయడం ముందు. ఎన్-95 మాస్కు ఆ తర్వాత. పొడి చీపురుతో ఊడ్చొద్దు, తడిపి ఎత్తాలి.

పల్లెనోట్స్

చాలా ఉపయోగపడిందండీ, తేనెపట్టు బొమ్మే వేయిస్తాం. ఇంకో రెండు. నెలలు నిండకుండా పుట్టిన పిల్లలకు ఆయాసం రావడానికీ వాయుగోణులే కారణమా? ఎన్-95 పెట్టుకున్నా పొడి పోతోందని కూలీలు అంటున్నారు, ఎందుకు?

పసికందు_వార్డు

అవును, అక్కడ లోపం సర్ఫక్టెంట్‌ది. వాయుగోణి లోపల పలచని తడి ఉంటుంది. తడికి తలతన్యత, అంటే పైపొర బిగువు ఉంటుంది, అది గదిని లోపలికి లాగి మూసేయాలని చూస్తుంది. ఒత్తిడి = 2 × తలతన్యత ÷ వ్యాసార్థం. 0.1 మిల్లీమీటర్ వ్యాసార్థానికి ఉత్త నీటి పొర అయితే సుమారు 14 సెంటీమీటర్ల నీటి ఎత్తంత ఒత్తిడి కావాలి. సర్ఫక్టెంట్ ఉంటే 5 సరిపోతుంది, గది ముడుచుకునే కొద్దీ ఇంకా తగ్గుతుంది. నెలలు నిండని బిడ్డ వాయుగోణులు ఇంకా చిన్నవి, వ్యాసార్థం తగ్గితే కావలసిన ఒత్తిడి పెరుగుతుంది. ప్రతి ఊపిరీ మొదటి ఊపిరంత కష్టమై, గంటల్లో అలసిపోతారు. మూలుగు, పక్కటెముకల మధ్య గుంటలు పడటం, ముక్కుపుటాలు ఎగరడం కనిపిస్తాయి.

సర్ఫక్టెంట్ తయారీ 24 వారాల దగ్గర మొదలై 34, 35 వారాలకు సరిపడా వస్తుంది. ఈ జబ్బుకు కారణం దాని కొరతేనని 1959లో మేరీ ఎలెన్ ఏవరీ, జేర్ మీడ్ చూపించారు. 1963లో అమెరికా అధ్యక్షుడు కెనెడీ కొడుకు ప్యాట్రిక్ పుట్టిన రెండో రోజే పోయింది దీనివల్లే, అప్పటికి మందు లేదు. 1980లో జపాన్‌లో ఫుజివారా ఆవు ఊపిరితిత్తుల నుంచి తీసిన సర్ఫక్టెంట్‌ను బిడ్డల వాయునాళంలోకి ఇచ్చి ఫలితం చూపించారు.

మీ కార్యకర్తలకు పనికొచ్చేది దీనికి ముందు మెట్టు. 24 నుంచి 34 వారాల మధ్య నొప్పులు మొదలైతే తల్లికి డెక్సామెథసోన్ 6 మిల్లీగ్రాములు కండకు, 12 గంటలకోసారి, నాలుగు డోసులు. అది బిడ్డ టైప్-2 కణాలను తొందరగా పక్వానికి తెస్తుంది. పెద్దాసుపత్రికి పంపుతున్నామని ఆ మొదటి డోసు ఆపొద్దు, డాక్టరుతో ఫోన్లో మాట్లాడైనా ఇప్పించి, ఇచ్చిన టైము చీటీలో రాసి అంబులెన్స్ ఎక్కించండి.

ధూళిలెక్క

మాస్కు వడపోత బాగానే ఉంటుంది, పొడి పోయేది అంచుల్లోంచి. రెండు పట్టీలూ వాడాలి: ఒకటి తల పైభాగాన, ఒకటి మెడ వెనక. చాలామంది కింది పట్టీని గడ్డం కింద వేలాడేసుకుంటారు. ముక్కు దగ్గరి లోహపు పట్టీని రెండు చేతుల వేళ్లతో నొక్కాలి. తర్వాత రెండు అరచేతులతో మాస్కును మూసి గట్టిగా ఊదితే కళ్ల వైపు గాలి తగలకూడదు. గడ్డం ఉంటే ఎంత బిగించినా అంచు ఆనదు, గీసుకోవాల్సిందే. పని మధ్యలో బీడీకి మాస్కు దించి, పొడి పట్టిన చేత్తోనే లోపలివైపు పట్టుకుని మళ్లీ పెట్టుకోవడం ఇంకో దారి.